ఆటగాడును శ్రామికుడే

(రైల్వే, తపాలా ఉద్యోగుల పిల్లల ఫుట్‌బాల్ పోటీల ప్రారంభ సందర్భమున భాలుబాసాలో చేసిన ప్రసంగ పాఠము)



ఆహ్వాన పత్రికలో మా పేరు ఎదుట 'ఉపన్యాసము' అని మాత్రమే అచ్చయినది. అందుచేత నిన్న టాటానగర్ స్టేషనులో దిగినది మొదలు కనబడిన ప్రతి మిత్రుడును ఒకే ప్రశ్న వేసినాడు: కరువు భత్యమును గురించి మాట్లాడుదురా, పింఛనును గురించి మాట్లాడుదురా? ఆ రెండింటిని గురించియు రేపటి కార్యవర్గ సమావేశములో కావలసినంత మాట్లాడుకొందము. ఈ పూట బ్రెజిల్ దేశపు మిడ్‌ఫీల్డరు ఒకని జీవితమును మీ ముందు ఉంచదలచినాము. పిల్లల ఆటలకు వచ్చి కూడ యూనియన్ మాటలేనా అని ఎవరైన అందురేమో. ఈ మనిషి కథ చెప్పబోయినచో ఆ మాట దానంతట అదే వచ్చును, మేము తెచ్చునది కాదు.

శ్రీకాకుళము, విజయనగరము, గంజాము ప్రాంతముల నుండి మన పెద్దలు కొందరు ఉక్కు కర్మాగారమునకును, కొందరు బెంగాల్ నాగపూర్ రైల్వేకును వచ్చి ఈ నేలపై స్థిరపడినారు. 'భాలుబాసా' అను మాటను విడదీసి చూచినచో ఎలుగుబంటి ఉండు చోటు అని అర్థము వచ్చును. ఎలుగుబంట్లు ఎప్పుడు వెళ్లిపోయినవో గాని, ఫుట్‌బాలు మాత్రము ఇచ్చటనే ఉండిపోయినది. 2017లో జంషెడ్‌పూర్ ఫుట్‌బాల్ క్లబ్బు ఏర్పడిన తరువాత బ్రెజిల్ ఆటగాండ్రు కూడ ఈ ఊరికి వచ్చినారు. మెమో అను మిడ్‌ఫీల్డరు మొదటి సంవత్సరముననే వచ్చినాడు. అలెక్స్ లీమా అమెరికాలో చికాగో, హ్యూస్టన్ జట్లకు ఆడినవాడు. 2020లో ఇచ్చటికి చేరి, 2021-22లో ఈ జట్టు లీగు షీల్డు గెలిచినప్పుడు అందులో ఉండినాడు. వచ్చినారు, ఆడినారు, ఒప్పందము తీరినది, వెళ్లినారు. వారి ఆదాయము మన జీతముల వంటిది కాదు గనుక వారి కొరకు కన్నీరు కార్చనక్కరలేదు. కాని గడువు ముగియుచున్న కొలదియు, మోకాలు నొప్పి పెట్టినప్పుడెల్లను ఒప్పంద కార్మికుని గుండె ఎట్లు కొట్టుకొనునో ఈ సభలోని క్యాజువల్ సోదరులకు మేము వివరింపనక్కరలేదు.

మేము యూనియన్ పనిలో తిరుగుచున్న తొలి సంవత్సరములలో, వేరొక ఊరిలో, ఒక సంస్థ జట్టుకు ఎడమ హాఫ్‌గా ఆడుచుండిన తెలుగు కుర్రవానిని ఎరుగుదుము. పేరుకు దినకూలి, మైదానములో మాత్రము యజమానులకు ముద్దుబిడ్డ. ఒకనాటి ఆటలో మోకాలు విరిగినది. మరుసటి నెల మస్టరు రోలులో అతని పేరు లేదు. ఎవరును తీసివేసినామని చెప్పలేదు, వ్రాయలేదు, అంతే. మేము వెళ్లి అడిగినప్పుడు ఆ అధికారి ఎంతో మర్యాదగా, "పాపము, మంచి ఆటగాడండీ" అన్నాడు. ఆ మంచి మాటతో మందుల చీటీ ఖర్చు కూడ తీరలేదు.

ఈ పోటీలలో గాయపడు పిల్లల వైద్యమునకు నిర్వాహకులు కొంత నిధి ప్రక్కన పెట్టినారని, దానిని ఎవరు, ఎట్లు ఖర్చు చేయవలెనను విషయమై నిన్న రాత్రి పొద్దుపోవు వరకు తర్జనభర్జన జరిగినదని విన్నాము. ఆ సంగతికి చివర వత్తుము.

మిడ్‌ఫీల్డరు అననేమి అని తల్లులు అడుగవచ్చును. మన ఆర్.ఎమ్.ఎస్. సార్టరును తలచుకొనుడు. కదలుచున్న బండిలో నిలబడి, వచ్చిన ఉత్తరమును ఒక్క క్షణము చూచి, అది చేరవలసిన అరలో పడవేయుచుండెడివాడు. గోలు కొట్టువాని పేరు పత్రికలో వచ్చును. ఉత్తరము అందుకొన్నవాడు పోస్టుమన్‌కు నమస్కరించును. నడుమ నిలబడి దారి చూపినవాని ముఖము ఎవరును చూడరు. అయినను వాడు తప్పు అరలో వేసినచో భాలుబాసా ఉత్తరము భుసావళ్లు చేరును.

ఆటయు ఉద్యోగమును కలిసి నడచిన కాలము మనకును ఉన్నది. ఈ జంషెడ్‌పూరులో బాల్యము గడిపిన పి.కె. బెనర్జీ గారు 1955 నుండి ఈస్టర్న్ రైల్వేకు ఆడినారు. కలకత్తా పెద్ద క్లబ్బులు పిలిచినను కదలలేదు. 1958లో ఆ రైల్వే జట్టు పెద్ద క్లబ్బులను త్రోసి కలకత్తా లీగు గెలిచినది. 1960 రోము ఒలింపిక్సులో ఆయన భారత జట్టు నాయకుడు. సికింద్రాబాదు అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరాం గారు ఈస్ట్ బెంగాల్‌కు ఆడి, 1962లో జకార్తా ఆసియా క్రీడలలో స్వర్ణము గెలిచిన జట్టులో బెనర్జీ గారితో కలిసి ఆడి, 1963లో బి.ఎన్.ఆర్. జట్టునకు వచ్చినారు. ఊపిరితిత్తుల జబ్బు వలన ఇరువది ఏడేండ్లు నిండకమునుపో నిండగానో ఆట విడువవలసి వచ్చినది. ఆట పోయినను రైల్వే కొలువు మిగిలినది. 2023లో ఆయన కన్నుమూసినారు. ఇద్దరును మిడ్‌ఫీల్డర్లు కారు, ముందు వరుసవారు. కాని మేము చెప్పబోవు బ్రెజిల్ ఆటగాండ్రకు లేనిది, వారికి ఉండినది ఏమో గమనింపుడు: ఆట ఆగిన మరునాడు కూడ చేతిలో ఉండు ఒక నియామక పత్రము.

ఇక బ్రెజిల్. ఆ దేశమునకు ఫుట్‌బాలును తెచ్చినవాడని పేరుపొందిన చార్లెస్ మిల్లర్ సావో పాలో రైల్వే ఉద్యోగి. 1895 ఏప్రిల్‌లో అచ్చట జరిగిన తొలి ఆటలలో ఒకటి రైల్వే ఉద్యోగులకును గ్యాస్ కంపెనీ ఉద్యోగులకును నడుమ జరిగినది, రైల్వేవారే గెలిచినారు. గెలవకపోయినచో ఈ సభలో ఈ సంగతి ఎత్తుకొనకపోదుము. 1910లో అదే సావో పాలో నగరములో శ్రామికులు నివసించు పేటలో ఐదుగురు కార్మికులు కలిసి కొరింథియన్స్ అను క్లబ్బును స్థాపించినారు. నేటికిని అది పేదల క్లబ్బనియే పేరు. తరువాతి కాలమున లోహ కార్మికుల సమ్మెలు నడిపి దేశాధ్యక్షుడైన లూలా కూడ ఆ క్లబ్బు అభిమానియే.

కార్మికులు స్థాపించిన క్లబ్బులో ఆడువానికి మాత్రము కార్మికునికుండు హక్కు లేదు. ఆ దేశములో 'పాసే' అను పద్ధతి ఉండెడిది. పాసు అనగా మన ప్రివిలేజి పాసు వంటిదనుకొనకుడు, దానికి పూర్తిగా విరుద్ధము. ఆటగాని ఒప్పందము ముగిసినను, వానిని వేరొక క్లబ్బునకు పంపు అధికారపు చీటీ పాత క్లబ్బు వద్దనే ఉండును. జీతము ఇయ్యకపోవచ్చును, ఆడనీయకపోవచ్చును, అమ్మకపోవచ్చును. వాడు మాత్రము కదలరాదు. 1970లో రియో నగరపు బొటాఫోగో క్లబ్బులో అఫోన్సిన్యో అను మిడ్‌ఫీల్డరు గడ్డమును జుట్టును పెంచుకొన్నాడని జట్టు నుండి దూరముంచినారు. వైద్య విద్యార్థి, సైనిక ప్రభుత్వము గద్దెపైనున్న ఆ దినములలో గడ్డమనిన అధికారులకు గుబులు. అతడు గడ్డము తీయలేదు, క్రీడా న్యాయస్థానమునకు ఎక్కినాడు. 1971లో తీర్పు వచ్చినది: చీటీ అతనిదే. బ్రెజిల్‌లో తన పాసేను తానే చేజిక్కించుకొన్న మొదటి ఆటగాడు అతడే అని చెప్పుదురు. గిల్బెర్టో జిల్ అను ప్రసిద్ధ గాయకుడు అతనిని తలచుకొని పాట కట్టినాడు; ఆ పాట పేరునకు అర్థము 'నడుమ మైదానము' అని. ఆ ఒక్కని వ్యాజ్యము ఇరువది ఏడేండ్ల తరువాత 1998లో చట్టమైనది. 2001 నుండి పాసే పద్ధతి లేదు. ఈ తారీఖులను మనసులో ఉంచుకొనుడు, వీటితో పని ఉన్నది.

ఇప్పుడు మన కథానాయకుడు. పేరు సోక్రటీస్. అవును, విషము త్రాగిన ఆ గ్రీకు తత్త్వవేత్త పేరే. 1954 ఫిబ్రవరి 19న ఉత్తరమున బెలేం నగరములో పుట్టినాడు. తండ్రి పెద్ద చదువులు బడిలో చదువుకొన్నవాడు కాదు, సొంతముగా గ్రంథములు తెచ్చుకొని చదివినవాడు. పుత్రోత్సాహమున మొదటి ముగ్గురికి సోక్రటీస్, సోస్తెనెస్, సోఫోక్లెస్ అని పేర్లు పెట్టినాడు. 1964లో సైన్యము అధికారము హస్తగతము చేసికొన్నది. పదేండ్ల బాలుడు చూచుచుండగా ఆ తండ్రి తన చేతితోనే తన పుస్తకములను తగులబెట్టినాడు, ఇంటికి పోలీసులు వచ్చునను భయమున. పుస్తకమును దేవునివలె చూచిన మనిషి పుస్తకమును కాల్చుట ఆ బాలుడు మరువలేదు. తన రాజకీయము అచ్చటనే మొదలైనదని పెద్దయిన తరువాత చెప్పినాడు.

1974లో రిబెరావో ప్రేతో పట్టణపు బొటాఫోగో జట్టులో ఆటగాడైనాడు. ఇది వేరు బొటాఫోగో, అఫోన్సిన్యోది కాదు. 1974 అనగానే మన వృద్ధ సోదరులు మే 8వ తేదీని, ఆ ఇరువది దినముల సమ్మెను తలచుకొందురు. అతడు ఆ సంవత్సరములలో ఉదయము వైద్య కళాశాల, సాయంత్రము మైదానము. 1977లో వైద్య పట్టము పుచ్చుకొన్న తరువాతనే, 1978లో కొరింథియన్స్‌కు వెళ్లినాడు. ఆరడుగులను మించిన పొడవు, దానికి తగని చిన్న పాదములు. ఒక్కసారిగా వెనుదిరుగుట కష్టము గనుక తిరుగకుండనే మడమతో బంతిని వెనుకకు పంపుట అలవాటు చేసికొన్నాడు. లోపమనుకొన్నది విద్య అయినది. పిల్లలారా, మీరు ఈ పూటనే ప్రయత్నింపవద్దు, ముందు సూటిగా తన్నుట నేర్చుకొనుడు.

1981లో కొరింథియన్స్ ఆట దిగజారినది. 1982లో అధ్యక్షుడు వాల్డెమార్ పీరెస్, ఫుట్‌బాలు వ్యవహారములను అదిల్సన్ మోంటేరో ఆల్వెస్ అను సమాజశాస్త్రవేత్తకు అప్పగించినాడు. అదిల్సన్‌కు ఫుట్‌బాలు తెలియదు, తెలియదని తెలియును. అట్టి అధికారిని మేము ఉద్యోగజీవితములో అరుదుగా చూచినాము. ఆటగాండ్రను కూర్చుండబెట్టి మీకేమి కావలెనని అడిగినాడు. సోక్రటీస్, ఎడమ బ్యాకు వ్లదిమిర్, ఇరువది ఏండ్లయినను నిండని కసగ్రాందె మొదలైనవారు చెప్పినారు. అప్పటి నుండి జట్టునకు సంబంధించిన ప్రతి విషయమునకు ఓటు. క్రొత్తవానిని తీసికొనవలెనా, సాధన ఎన్ని గంటలకు, ప్రయాణము ఎప్పుడు, అన్నిటికిని ఓటే. ఓటు ఆటగాండ్రకే కాదు, శిక్షకునికి, మాలిషు చేయువానికి, బట్టలు బూట్లు చూచుకొనువానికి కూడ. అధికారికి ఒకటే ఓటు, బూట్లవానికి ఒకటే ఓటు.

వారు ఎత్తుకొన్న పెద్ద విషయములలో ఒకటి మన రన్నింగ్ స్టాఫ్‌కు వెంటనే అర్థమగును. ఆటకు ముందు ఆటగాండ్రను, పెండ్లాము బిడ్డలున్నవారిని కూడ, హోటలులో బంధించి ఉంచు ఆచారము ఉండెడిది. ఇల్లు ప్రక్క వీధిలోనే ఉండును, పోరాదు. రన్నింగ్ రూములో పండుగ పూట పడుకొని, ఇంటి నుండి ఫోను వచ్చినప్పుడు ఏమి చెప్పవలెనో తెలియక గోడవైపు తిరిగి పడుకొన్నవారికి ఈ బాధ తెలియును. మేము పెద్దవారమా, పసివారమా అన్నదే వారి ప్రశ్న. చర్చించి, ఓట్లు వేసికొని, ఆ కట్టుబాటును సడలించినారు. క్రమశిక్షణ చెడునని పత్రికలు గోల చేసినవి. ఆ జట్టు 1982లోను 1983లోను వరుసగా రాష్ట్ర విజేత అయినది.

1982 నవంబరు 15న బ్రెజిల్‌లో ఎన్నికలు. సైనిక పాలన ఇంకను ఉన్నది. ఆ రోజున ఓటు వేయుడని కొరింథియన్స్ ఆటగాండ్రు చొక్కాల వీపుపై అచ్చు వేయించుకొని ఆడినారు. ఏ పార్టీకి వేయవలెనో వ్రాయలేదు, వేయుడని మాత్రమే. 1983 రాష్ట్ర పోటీ తుది ఆటకు, గెలిచినను ఓడినను ప్రజాస్వామ్యముతోనే అను అర్థము వచ్చు పతాకమును పట్టుకొని మైదానములో దిగినారు. అందరికిని నచ్చలేదు సుమా. గోల్‌కీపరు లెయావ్ ఈ పద్ధతిని బాహాటముగా వ్యతిరేకించినాడు. వ్యతిరేకించిన వానిని వెళ్లగొట్టక జట్టులోనే ఉంచి ఆడించినారు, అదియు లెక్కలోనిదే.

1984లో దేశాధ్యక్షుని ప్రజలే నేరుగా ఎన్నుకొనవలెనను ఉద్యమము దేశమంతట లేచినది. ఏప్రిల్ 16న సావో పాలో నడిబొడ్డున లక్షలాది జనము ముందు సోక్రటీస్ మాట ఇచ్చినాడు: సవరణ నెగ్గినచో ఇటలీవారు ఎంత ఇచ్చినను దేశము విడువను. ఏప్రిల్ 25న ఓటింగు. కావలసినవి 320, వచ్చినవి 298. ఇరువది రెండు తక్కువ. నూటికి పైగా సభ్యులు ఆ రోజు సభకే రాలేదు. వ్యతిరేకముగా చేయి ఎత్తుటకు ధైర్యము చాలక గైరుహాజరగు పెద్దమనుషులు అన్ని దేశములలోను ఉందురు. మన జనరల్ కౌన్సిల్‌లో కోరము లెక్కించిన అనుభవముతో ఈ మాట చెప్పుచున్నాము. సోక్రటీస్ ఇటలీకి వెళ్లిపోయినాడు. ఫియోరెంటీనాలో ఒక్క సంవత్సరము, అంత సుఖముగా గడువలేదు. ఇటలీ ఆటగాండ్రలో నీకు ఎవరనిన గౌరవమని విలేఖరులు అడుగగా, నేను వచ్చినది గ్రాంషీని మూల భాషలో చదువుటకు అన్నాడని చెప్పుకొందురు. నిజమో కాదో గాని, అతని నోటికి తగిన మాటయే.

అతడు లేని కొరింథియన్స్‌లో ఏమైనది? 1985లో క్లబ్బు ఎన్నికలు వచ్చినవి. అదిల్సన్ పక్షము ఓడిపోయినది. క్రొత్తవారు వచ్చినారు. ఓట్లు లేవు, సమావేశములు లేవు. మూడేండ్లు ప్రపంచము మెచ్చుకొన్న పద్ధతి ఒక్క ఎన్నికతో మాసిపోయినది. ఎందుచేత? మేము అనేకసార్లు ఆలోచించినాము. అది ఎచ్చటను నియమముగా వ్రాయబడియుండలేదు. ఒక మంచి అధికారి ఇచ్చినాడు, ఆ అధికారితోనే పోయినది. ఆటగాండ్ర చేతిలో ఓటు ఉండినన్నినాళ్లును వారి పాసే చీటీలు క్లబ్బు బీరువాలోనే ఉండినవి. అఫోన్సిన్యోకు వెనుక జట్టు లేదు, పతాకము లేదు, లక్షల జనము లేరు. తీర్పు కాగితము ఒక్కటి ఉండినది. అది నిలిచినది, చట్టమైనది. సోక్రటీస్ మాకు ప్రియతముడు. అయినను ఈ ఒక్క విషయములో గడ్డము తీయని ఆ పాత మిడ్‌ఫీల్డరే ఎక్కువ దూరము చూచినాడని మా అభిప్రాయము. మంచి డివిజనల్ అధికారి వచ్చినప్పుడు నోటిమాటగా దొరికిన సెలవులు, అతని బదిలీ నాడే సామానుతోపాటు బండి ఎక్కుట మనము చూడలేదా?

దేశపు జట్టులో అతని భాగ్యము వేరు. 1979 నుండి 1986 వరకు 60 ఆటలు, 22 గోళ్లు. 1982 ప్రపంచ కప్పులో నాయకుడు. ఇటలీపై ఒక గోలు కొట్టియు 3-2తో ఓడి ఇంటికి వచ్చినాడు. 1986లో మెక్సికోలో ఆడినప్పుడు నుదుట కట్టిన పట్టీపై, మెక్సికో ఇంకను నిలిచియే ఉన్నదని వ్రాసికొన్నాడు. అంతకు ముందటి సంవత్సరము ఆ దేశమును భూకంపము కుదిపినది. జూన్ 21న ఫ్రాన్సుతో క్వార్టర్ ఫైనలు. మేము అప్పుడు కాలేజీ కుర్రవారము. మనకు రాత్రి పదకొండున్నర దాటినది. రైల్వే ఇన్‌స్టిట్యూటు హాలులో ఒకే ఒక నలుపు తెలుపు టీవీ, దాని ముందు డ్యూటీ దిగినవారు, ఎక్కవలసినవారు, మా వంటి పిల్లలు. 1-1తో ముగిసి పెనాల్టీలకు వచ్చునప్పటికి ఇంచుమించు రెండు గంటలు. బ్రెజిల్ తరఫున మొదట సోక్రటీస్ వచ్చినాడు. పెద్దగా పరుగు తీయక, నిలుచున్న చోటినుండియే తన్నినట్లు తన్నినాడు. గోల్‌కీపరు ఆపినాడు. ఒక పెద్ద గార్డు గారు టోపీ తీసి ఒడిలో పెట్టుకొని, ఏమియు అనక, లాంతరు అందుకొని బండికి వెళ్లిపోయినారు. మిగిలిన పెనాల్టీలు ఆయన చూడలేదు. బ్రెజిల్ ఓడినది.

తరువాత ఫ్లమెంగో, శాంటోస్, చివరకు మొదలుపెట్టిన రిబెరావో ప్రేతో. ఆట మానిన పిమ్మట వైద్యము చేసినాడు, పత్రికలకు వ్రాసినాడు. 2004లో, యాభయ్యో ఏట, ఇంగ్లండులో గార్ఫర్త్ టౌన్ అను చిన్న జట్టునకు చలిలో కొన్ని నిమిషములు ఆడిన వింత కూడ ఉన్నది. త్రాగుడు, పొగ విడువలేదు. తాను వైద్యుడై యుండియు విడువలేదు. పిల్లలున్న సభలో ఇది దాచుట మాకు ఇష్టము లేదు. 2011 డిసెంబరు 4వ తేదీ ఆదివారము, ఏబది ఏడేండ్ల వయసున సావో పాలోలో మరణించినాడు. అదే రోజున కొరింథియన్స్ జాతీయ లీగు విజేత అయినది. ఆట మొదలగుటకు ముందు ఆటగాండ్రు మైదానము నడుమ వలయముగా నిలిచి, అతడు గోలు కొట్టినప్పుడు చేయునట్లే, కుడి పిడికిళ్లు పైకి ఎత్తినారు.

ఇక మన నిధి సంగతి. కార్యదర్శి గారు ఉదార స్వభావులు. ఏ పిల్లవానికి దెబ్బ తగిలినను జేబులో చేయి పెట్టుదురని అందరును ఎరుగుదురు. వారు ఉన్నంతవరకు చింత లేదని నిన్న ఒకరిద్దరు అన్నారట. వారి పదవీకాలము వచ్చే సంవత్సరము ముగియును. కావున ఒక కాగితముపై నాలుగు వాక్యములు వ్రాయించి తెచ్చినాము. ఆటలో గాయపడిన ప్రతి ఆటగానికి, పర్మనెంటు ఉద్యోగి బిడ్డయైనను, క్యాజువల్ లేబరు బిడ్డయైనను, గ్రామీణ డాక్ సేవక్ బిడ్డయైనను, వైద్యపు ఖర్చు ఈ నిధి నుండి ఇయ్యవలెను. లెక్కలు ప్రతి పోటీ చివర సభలో చదువవలెను. నిధిని చూచు ముగ్గురిలో ఒకరు ఆటగాండ్రు ఎన్నుకొన్నవారు కావలెను. ఈ నియమమును మార్చవలెనన్న ఇట్టి సభలోనే మార్చవలెను. ఆటలు మొదలగుటకు ముందే దీనిపై ఓటు తీసికొనవలసినదిగా అధ్యక్షుల వారిని కోరుచున్నాము. పిల్లలును చేతులు ఎత్తవలెను. తెల్లవారుజామున వచ్చి మైదానమునకు సున్నపు గీతలు గీసిన పెద్దాయన ఆ గోలుపోస్టు వెనుక నీడలో కూర్చున్నారు, వారిని కూడ పిలువుడు.